కలకత్తా కప్పు: అంతరించిన ఒక క్రీడాసంఘం చరిత్ర

సంఘాలను స్థాపించడం సులభం, నడపడం కష్టం, గౌరవంగా ముగించడం మరింత కష్టం. మన ఊళ్లలో నాటక సమాజాలు, పఠన మందిరాలు, వ్యాయామశాలలు ఎన్నో ఉత్సాహంతో పుట్టినవి. నాలుగేళ్లు గడిచేసరికి చందాలు నిలిచిపోతాయి. సభ్యులు ఒక్కొక్కరే జారుకొంటారు. కార్యదర్శి ఒక్కడూ మిగులుతాడు. లెక్కల పుస్తకం ఏ అటకమీదికో చేరుతుంది. మిగిలిన సొమ్ము ఏమైనదని అడిగేవారుండరు, చెప్పేవారుండరు. ఇటువంటి ముగింపులు చూచి చూచి అలవాటుపడిన మనకు, నూటయాభై సంవత్సరాలకు కొంచెం తక్కువ కాలం క్రిందట కలకత్తాలో మూతపడిన ఒక ఆటల క్లబ్బు కథ ఆశ్చర్యం కలిగించక మానదు.

ఆ క్లబ్బు పేరు కలకత్తా ఫుట్‌బాల్ క్లబ్బు. అది 1873లో పుట్టి 1878 నాటికి ముగిసినది. అంటే దాని ఆయుర్దాయం పట్టుమని ఆరేళ్లు కూడా లేదు. ఆ అయిదేళ్లలో అది గెలిచిన పందేలను ఈనాడు ఎవరూ స్మరించరు. అయినప్పటికీ ఏటేటా ఇంగ్లండు, స్కాట్లండు దేశాల జట్లు మైదానంలో తలపడినప్పుడు వేలకొలది జనం ఉచ్చరించేది ఆ క్లబ్బు ఊరిపేరునే. చనిపోయిన సంస్థ తన పేరును ఇంతకాలం బ్రతికించుకొన్న విధానమే ఈ ప్రసంగానికి విషయం.

కథలోనికి పోవడానికి ముందు రగ్బీ అనే ఆటను గురించి నాలుగు మాటలు చెప్పుకొనవలసి ఉన్నది. ఫుట్‌బాల్ అనగానే మనకు తోచేది కాలితో తన్నే గుండ్రని బంతి. పందొమ్మిదవ శతాబ్దపు నడిమి కాలంలో ఇంగ్లండులో ఆ మాటకు అంత నిశ్చితమైన అర్థం లేదు. పెద్ద పాఠశాలలలో ఒక్కొక్కదానికి ఒక్కొక్క తీరు ఫుట్‌బాల్ ఉండేది. వార్విక్‌షైరు మండలంలో రగ్బీ అనే ఊరున్నది. ఆ ఊరి పాఠశాలలో బంతిని చేతపట్టుకొని పరుగెత్తడం, అట్లా పరుగెత్తేవానిని పట్టుకొని నేల కూల్చడం ఆటలో భాగాలు. 1823లో విలియం వెబ్ ఎల్లిస్ అనే విద్యార్థి నియమాన్ని త్రోసిపుచ్చి బంతిని చంకన పెట్టుకొని పరుగెత్తినాడని, దానితో ఈ ఆట పుట్టినదని ఒక కథ ఉన్నది. అది చరిత్రకన్న ఐతిహ్యానికే దగ్గర. 1845లో ఆ పాఠశాల విద్యార్థులే కూర్చుని తమ ఆట నియమాలను వ్రాసి పెట్టుకొన్నారన్నది మాత్రం నిశ్చయం.

పాఠశాలలు విడిచి విశ్వవిద్యాలయాలలోను, నగరాలలోను కలుసుకొన్న యువకులు ఏ నియమాలతో ఆడవలెనన్నది పెద్ద తగవైనది. ఆ తగవు తీర్చడానికి 1863 అక్టోబరు 26న లండనులోని ఫ్రీమేసన్స్ టావెర్న్ అనే వసతిగృహంలో కొన్ని క్లబ్బులవారు సమావేశమై ఫుట్‌బాల్ అసోసియేషన్‌ను నెలకొల్పినారు. చేతితో బంతి పట్టుకొని పరుగెత్తకూడదనీ, ప్రత్యర్థి మోకాలి దిగువను బూటుతో తన్నకూడదనీ అక్కడ అధిక సంఖ్యాకులు తీర్మానించినారు. ఈ రెండు హక్కులూ పోతే ఆటలో మగతనమే మిగలదని వాదించిన బ్లాక్‌హీత్ క్లబ్బు ఆ డిసెంబరులో సంఘం నుంచి తొలగిపోయినది. అంతటితో త్రోవలు రెండైనవి.

చేతిపరుగును వదలలేని క్లబ్బులు 21 కలిసి 1871 జనవరి 26న లండనులో రగ్బీ ఫుట్‌బాల్ యూనియన్‌ను స్థాపించినవి. చిత్రమేమనగా, కాళ్లపై తన్నడాన్ని వారు కూడా నిషేధించినారు. ఆ సంవత్సరమే మార్చి 27న ఎడింబరోలోని రేబర్న్ ప్లేస్ మైదానంలో ఇంగ్లండు, స్కాట్లండు జట్లు మొట్టమొదటి అంతర్జాతీయ రగ్బీ పందెం ఆడినవి. స్కాట్లండు గెలిచినది. అప్పుడు పక్షానికి ఇరవైమంది ఆటగాండ్రు. ఈనాటివలె అంకెల లెక్క లేదు. బంతిని ప్రత్యర్థి గీత దాటించి నేలకు ఆనించినంత మాత్రాన ఏమీ రాదు. గోలు స్తంభాల మధ్య, అడ్డకర్ర మీదుగా బంతిని తన్నడానికి ప్రయత్నించే హక్కు మాత్రమే వస్తుంది. ఆ ప్రయత్నాన్నే ఆంగ్లంలో ‘ట్రై’ అన్నారు. ఇప్పుడు ఆ మాటకే విలువ కట్టి అయిదు అంకెలు ఇస్తున్నారు గాని, పేరులో మాత్రం పాత అర్థం నిలిచి ఉన్నది.

ఆ రోజులలో రెండు రకాల ఆటలకూ ఫుట్‌బాల్ అనే పేరే చెల్లుతూ ఉండేది. కనుక కలకత్తా ఫుట్‌బాల్ క్లబ్బు అన్నప్పుడు మనము గుండ్రని బంతిని తలచుకొనకూడదు. అది రగ్బీ క్లబ్బు.

1872 డిసెంబరు 25వ తేదీ, క్రిస్మస్ పండుగనాడు, మన పంచాంగం ప్రకారం ఆంగీరస సంవత్సరంలో, కలకత్తాలో ఈ ఆట ఆడినారు. ఒక పక్షాన ఇంగ్లండువారు ఇరవైమంది. రెండవ పక్షాన స్కాట్లండు, ఐర్లండు, వేల్సు దేశాలకు చెందినవారు కలిసి ఇరవైమంది. ఎడింబరోలో తొలి అంతర్జాతీయ పందెం జరిగి అప్పటికి ఇంకా రెండేళ్లు కాలేదు. కలకత్తా ఆనాడు బ్రిటిష్ ఇండియాకు రాజధాని. వైస్రాయి కొలువు, హైకోర్టు, ఓడరేవు, జనపనార వ్యాపారం, విలియం కోటలోని పట్టాళాలు, ఇవన్నీ వేలకొలది మైళ్ల దూరం నుంచి యువకులను అక్కడికి రప్పించినవి. జనపనార వ్యాపారంలో స్కాట్లండువారి ప్రాబల్యం ఎక్కువ. ఇంగ్లండు, స్కాట్లండుల స్పర్ధ ఓడలెక్కి వారితోపాటే వచ్చినది. పండుగనాటి ఆట ఎంత రుచించినదో గాని, వారం తిరగకుండానే మరల ఆడినారు. మరుసటి జనవరిలో, అంటే 1873లో, క్లబ్బు ఏర్పడినది. దానిని స్థాపించినవారిలో రగ్బీ పాఠశాల పూర్వవిద్యార్థులు కూడా ఉన్నారు. మరుసటి సంవత్సరం, 1874లో, ఆ క్లబ్బు రగ్బీ ఫుట్‌బాల్ యూనియన్‌లో సభ్యత్వం పొందినది.

ఇక్కడ ఒక విషయం స్పష్టం చేసుకొనవలె. ఈ క్లబ్బు తెల్లవారిది. ఆడినవారు వారు, సభ్యులు వారు. కలకత్తా మైదానం అంచున నిలబడి చూచిన వంగదేశీయునికి అందులో ప్రవేశం లేదు. బంతిని మోసేవాడు, మైదానం చదును చేసేవాడు, పానీయాలు అందించేవాడు మాత్రం ఈ దేశపువాడే. ఆనాటి తెల్లవారి క్లబ్బులన్నిటి కథా అదే.

మొదట్లో క్లబ్బు బాగానే నడిచినది. సభ్యులకు పానీయాలు ఉచితమనే ఏర్పాటు దాని ఆకర్షణలలో ఒకటి. రగ్బీ ఆట ఇంగ్లండు చలిలో, వానకు నానిన మెత్తని నేలమీద పుట్టి పెరిగినది. నలభైమంది ఒకరినొకరు త్రోసుకొంటూ, మీదపడుతూ ఆడే ఆటకు ఆ నేల పరుపువంటిది. కలకత్తాలో పుష్య మాఘ మాసాల చలి కొద్దిరోజుల ముచ్చటే. ఆపైన వచ్చే ఎండలో, ఉక్కలో, గట్టిపడిన నేలమీద ఈ ఆట ఆడడమంటే దేహాన్ని కోరి శిక్షించుకొనడమే. అయినా యువకుల ఉత్సాహం కొంతకాలం వాతావరణాన్ని జయించినది.

పిమ్మట ఒక్కొక్క దెబ్బ తగిలినది. బఫ్స్ అనే పేరుతో ప్రసిద్ధమైన పట్టాళం కలకత్తా విడిచి వెళ్లినది. దానితో మంచి ఆటగాండ్రు పలువురు వెళ్లిపోయినారు. ఉచిత పానీయాల ఏర్పాటును ఖర్చు భరించలేక రద్దు చేయవలసి వచ్చినది. దానితో సభ్యుల సంఖ్య తగ్గినది. ఇది చదివి మనము నవ్వుకొనవచ్చు. కాని సంఘాలను నడిపినవారికి ఈ సత్యం బాగా తెలుసు: ఉపన్యాసానికి వచ్చేవారికన్న ఉపాహారానికి వచ్చేవారు ఏ కాలంలోనైనా ఎక్కువే.

మూడవ దెబ్బ ఇతర క్రీడలది. మణిపురంలో పూర్వం నుంచి ఆడుతూ వచ్చిన గుర్రపుబంతి ఆటను తెల్లవారు నేర్చుకొని, పోలో పేరుతో 1860 ప్రాంతం నుంచి కలకత్తాలో వ్యాప్తిచేసినారు. లాన్ టెన్నిస్ ఇంకా కొత్తది. ఇంగ్లండులో మేజర్ వింగ్‌ఫీల్డ్ తన ఆట సామగ్రికి 1874లో పేటెంటు తీసుకొన్నాడు. 1877లో వింబుల్డన్ పోటీలు మొదలైనవి. టెన్నిస్‌కు ఇద్దరు చాలు, నలుగురైతే సమృద్ధి. పోలోకు పక్షానికి నలుగురు చాలు. ఇరవైమంది పక్షానికి కావలసిన రగ్బీ వీటితో ఎట్లా పోటీపడగలదు? పదిమంది సెలవుపై పోతే ఆ సాయంకాలానికి ఆటే లేదు. ఇంగ్లండులో సైతం 1877 నుంచి అంతర్జాతీయ పందేలలో పక్షానికి పదిహేనుమందితో సరిపెట్టుకొన్నారు.

ఇట్లా 1877 చివరకు క్లబ్బు ఊపిరి సన్నగిల్లినది. అప్పుడు దాని నాయకుడు జేమ్స్ రాత్నీ. గౌరవ కార్యదర్శీ ఆయనే, కోశాధికారీ ఆయనే. మూడు పదవులూ ఒక్కని చేతిలో ఉన్నవంటే ఆ క్లబ్బు స్థితి ఏమిటో వేరే చెప్పనక్కరలేదు. ఆటగాండ్రు లేకపోయినా బాంకులో కొంత సొమ్ము ఉన్నది. దానిని ఏమి చేయవలె? మిగిలిన సభ్యులు పంచుకొనవచ్చును. ఒక మంచి విందు చేసుకొని చేతులు కడుగుకొనవచ్చును. మరొక ఆటల క్లబ్బుకు అప్పగించవచ్చును. ఈ మూడింటిలో ఏది చేసినా తప్పుపట్టేవారు లేరు. 1877 డిసెంబరు 20న రాత్నీ లండనులోని యూనియన్‌కు ఒక ఉత్తరం వ్రాసినాడు. క్లబ్బు నిధులతో ఒక కప్పు చేయించి సమర్పిస్తామనీ, అసోసియేషన్ కప్పువలె గాని, లేదా యూనియన్‌కు ఉచితమని తోచిన మరొక విధంగా గాని, ఏటేటా దానికోసం పోటీ జరపవలెననీ ఆ ఉత్తరంలోని ప్రతిపాదన. రగ్బీ ఆటకు శాశ్వతమైన మేలు చేయడం ఒకటి, తమ క్లబ్బు జ్ఞాపకాన్ని నిలుపుకొనడం రెండవది. ఇవి రెండూ వారి కోరికలు.

యూనియన్ అంగీకరించినది. అప్పుడు సభ్యులు చేసిన పని ఇది: బాంకులో తమ పేర ఉన్న సొమ్మును వెండి రూపాయలుగా బయటికి తీసి, వాటిని కరిగించి, ఆ వెండితోనే కప్పు చేయించినారు.

ఈనాటి పిల్లలకు ఇది వింతగా తోచవచ్చు. కాగితపు నోటును కరిగించి పాత్ర చేయలేము. కాని ఆనాటి రూపాయి ధనమూ అవును, లోహమూ అవును. 1835లో ఈస్ట్ ఇండియా కంపెనీ చేసిన చట్టం ప్రకారం రూపాయి బరువు 180 గ్రెయిన్లు. అందులో పన్నెండు పాళ్లకు పదకొండు పాళ్లు శుద్ధమైన వెండి. ఆ బరువే మన తులం. మన పెద్దలు మందులను, బంగారాన్ని ‘రూపాయి ఎత్తు’ అని తూచేవారు గదా! ఆ మాట వెనుక ఉన్నది ఈ నాణెమే. రూపాయలను కంసాలి చేతికిచ్చి మురుగులో, మొలత్రాడో చేయించుకొనడం మన గ్రామాలలో ఎరుగనివారు లేరు. కలకత్తా క్లబ్బువారు చేసినది మన ఇండ్లలో ఆడవారు తరతరాలుగా చేస్తున్న పనే. చేతిలో ఉన్న డబ్బు కరిగిపోకుండా ఉండవలెనంటే ముందుగా దానిని మనమే కరిగించి వస్తువుగా మార్చుకొనవలెనన్నది వారి నీతి.

ఆ సంవత్సరాలలో ఈ నీతికి మరొక బలం కూడా చేకూరినది. జర్మనీ మొదలైన దేశాలు బంగారు నాణేలకు మారి, తమవద్ద ఉన్న వెండిని అమ్మివేయసాగినవి. వెండి ధర పడిపోయినది. దశాబ్దం మొదట్లో రూపాయికి సుమారు రెండు షిల్లింగులు వచ్చేవి. 1878 నాటికి ఇంచుమించు ఒక షిల్లింగు ఎనిమిది పెన్నీలకు దిగినది. రూపాయల రూపంలో ఉంటే ఏటేటా తరిగిపోయే ఆ నిధి, కప్పుగా మారిన తరువాత ఏ మారకపు రేటుకూ లొంగలేదు.

ఆ కాలాన్ని తలచుకొన్నప్పుడు తెలుగువారమైన మనము మరొక విషయాన్ని మరువరాదు. ధాత, ఈశ్వర సంవత్సరాలు మన తాతల నోట భయంకరమైన మాటలు. 1876 నుంచి 1878 వరకు మద్రాసు రాజధానిని పీడించిన మహాక్షామమే మనవారు చెప్పుకొనే ధాత కరువు. బళ్లారి, కర్నూలు, కడప సీమలు అల్లాడిపోయినవి. లక్షలాది జనం ఆకలికి, ఆకలి వెంట వచ్చిన రోగాలకు బలియైనారు. అప్పటిదాకా వంగదేశానికి లెఫ్టినెంట్ గవర్నరుగా కలకత్తాలో ఉన్న సర్ రిచర్డ్ టెంపుల్‌ను 1877 జనవరిలో కరువు పర్యవేక్షణకై మద్రాసుకు పంపినారు. కరువు పనులలో రాళ్లు కొట్టే మగవానికి ఆయన నిర్ణయించిన దినవేతనం ఒక పౌను ధాన్యం, దానికి తోడు ఒక అణా. ఈ కూలి మనిషిని నిలబెట్టదని మద్రాసు వైద్యాధికారి కార్నిష్ గట్టిగా వాదించిన మీదట ఆ ఏడే కొంత పెంచినారు.

రూపాయికి పదహారు అణాలు. అంటే కలకత్తా మూసలో కరిగిన ఒక్కొక్క రూపాయి, కర్నూలు సీమలో ఒక కూలివాని పదహారు దినాల రొక్కపు కూలి. క్లబ్బు సభ్యులను నిందించడానికి మనము ఈ లెక్క చెప్పడం లేదు. వారు తమ చందాలతో కూడిన సొమ్మును వ్యక్తుల సుఖానికి వాడుకొనక ఉమ్మడి కార్యానికి వినియోగించినారు. కాని ఒకే దేశంలో, ఒకే సంవత్సరంలో, ఒకే నాణెం ఒకచోట ఆటవస్తువుగా, మరొకచోట ప్రాణంగా ఉండినదన్నది చరిత్ర. కప్పు అందాన్ని చెప్పి, ఆ మాట దాచినట్లయితే మన కథ సగమే చెప్పినట్లు.

అందం మాట చెప్పవలసివస్తే, కప్పు నిజంగా అందమైనది. దాని ఎత్తు సుమారు 18 అంగుళాలు, అంటే మన లెక్కలో మూరెడు. వెండిమీద సన్నని చెక్కడపు పని. పిడులకు మారుగా మూడు రాచనాగులు పాత్రను ఆనుకొని లేచి ఉన్నవి. మూతమీద అంబారీతో కూడిన ఏనుగు నిలిచి ఉన్నది. వైస్రాయి గజశాలలోని ఏనుగును చూచి దానిని మలచినారని ఒక ప్రతీతి. ఇంగ్లండు ఆటకోసం, ఇంగ్లండువారి సొమ్ముతో చేసిన ఆ వస్తువులో రూపం మాత్రం అంతా మనదే. పాము, ఏనుగు, లతలు, అన్నీ ఈ దేశపు పనివాని చేతిలో అలవాటైన రూపాలు. కప్పు నిలిచే కొయ్యపీఠం చుట్టూ ఉన్న ఫలకాలమీద పందెం జరిగిన తేదీ, గెలిచిన దేశం పేరు, ఇరుపక్షాల నాయకుల పేర్లు చెక్కుతూ వస్తున్నారు. ఆ నాగుల పడగలు తీర్చిన చేతుల పేరు మాత్రం ఏ ఫలకానికీ ఎక్కలేదు. మన దేవాలయాల శిల్పులవలెనే ఆయన కూడా పనిలో కనిపించి పేరులో అదృశ్యుడైనాడు.

1878లో కప్పు యూనియన్‌కు చేరినది. దానిని క్లబ్బుల నడుమ పోటీకి పెట్టక, ఏటా ఇంగ్లండు, స్కాట్లండుల మధ్య జరిగే పందానికి బహుమానంగా నిర్ణయించినారు. కలకత్తాలో క్రిస్మస్‌నాడు మొదలైన ఆటలో ఒక పక్షం ఇంగ్లండే గదా! ఆ విధంగా చూచినా ఈ నిర్ణయం సముచితమే. 1879 మార్చి 10న ఎడింబరోలోని రేబర్న్ ప్లేస్‌లోనే, తొలి అంతర్జాతీయ పందెం జరిగిన ఆ మైదానంలోనే, కప్పుకు మొదటి పోటీ జరిగినది. ఫలితం సమం. మరుసటి ఏడు, 1880 ఫిబ్రవరిలో మాంచెస్టరులో జరిగిన ఆటలో ఇంగ్లండు గెలిచి కప్పును మొదటిసారిగా అందుకొన్నది.

ఆ తరువాత చరిత్రను సంక్షేపంగా చెప్పుకొందము. 1884 పందెంలో ఒక తీర్పు విషయమై పుట్టిన కలహం వల్ల 1885లో ఆట జరుగలేదు. ఆట నియమాలపై అధికారం ఎవరిదన్న వివాదం వల్ల 1888, 1889 సంవత్సరాలు కూడా వట్టివే పోయినవి. రెండు ప్రపంచ యుద్ధాలు కప్పును మూలను కూర్చోబెట్టినవి. 1925 మార్చి 21న ఎడింబరోలో మరేఫీల్డ్ మైదానానికి ప్రారంభోత్సవం చేసినది కలకత్తా కప్పు పందెమే. 14–11తో స్కాట్లండు గెలిచి ఆ సంవత్సరం అన్ని దేశాలనూ ఓడించిన కీర్తి సంపాదించినది. 2019లో ట్వికెన్‌హాం మైదానంలో 38–38గా ముగిసిన ఆట, నూటనలభై ఏళ్ల క్రిందటి తొలి పోటీవలెనే సమమైనది. 2021లో అదే మైదానంలో 11–6తో గెలిచిన స్కాట్లండుకు అక్కడ 1983 తరువాత అదే మొదటి విజయం.

రేడియో ఇంటివారికి ఈ ఆటతో ఉన్న బంధుత్వం ఒకటి ఇక్కడ చెప్పదగినది. బ్రిటనులో ఆటను జరుగుతూ ఉండగానే వర్ణించి ప్రసారం చేయడం రగ్బీతోనే మొదలైనది. 1927 జనవరి 15న ట్వికెన్‌హాంలో ఇంగ్లండు, వేల్సు ఆటను టెడ్డీ వేక్‌లం అనే పూర్వపు ఆటగాడు బి.బి.సి. ద్వారా వినిపించినాడు. శ్రోతలు బంతి జాడను ఊహించుకొనడానికి వీలుగా, మైదానాన్ని గళ్లుగా విభజించి అంకెలు వేసిన పటాన్ని రేడియో టైమ్స్ పత్రిక అచ్చువేసినది. వర్ణించేవాని ఎదుట ఒక అంధుని కూర్చోబెట్టి, ఆయనకు అర్థమయ్యేటట్లు చెప్పుమన్నారట. రేడియోలో మాట్లాడేవారందరికీ అంతకు మించిన ఉపదేశం లేదు. 1938 మార్చి 19న జరిగిన కలకత్తా కప్పు పందెం టెలివిజనులో ప్రసారమైన మొదటి అంతర్జాతీయ రగ్బీ ఆట. మైదానపు అంచుదాకా వచ్చి ఆగిపోయిన దూరపు దేశాల చూపును ఈ యంత్రాలు లోపలికి తీసికొనిపోయినవి.

ఇక కలకత్తా సంగతి. అక్కడ క్లబ్బు ముగియబోతున్న 1877 సంవత్సరమే, భారతదేశపు ఫుట్‌బాల్ చరిత్రలో మరొక ప్రారంభంగా చెప్పుకొంటారు. నగేంద్రప్రసాద్ సర్వాధికారి అనే బాలుడు మైదానం మీదుగా పోతూ, తెల్లవారు ఆడుతున్న బంతి తనవైపు దొర్లివస్తే తిరిగి తన్నినాడని, ఆ తాకిడితో పుట్టిన మోజే హేర్ పాఠశాలలో తోటి పిల్లలను కూర్చి ఆడేదాకా తెచ్చినదని వంగదేశపు ఐతిహ్యం. చందాలు వేసుకొని వారు కొన్న మొదటి బంతి తీరా చూస్తే రగ్బీ బంతి అట! కోడిగ్రుడ్డు ఆకారపు ఆ బంతితోనే వారు మొదట ఆడినారని చెప్తారు. కథలో అతిశయోక్తి ఉంటే ఉండవచ్చు. తెల్లవారు విడిచిపెట్టిపోతున్న మైదానంలోనికి వంగబాలకులు అడుగుపెట్టిన కాలం అదేనన్నది మాత్రం సత్యం.

కలకత్తా ఫుట్‌బాల్ క్లబ్బు అనే పేరు 1884లో మరల లేచినది. 1890లో స్థానిక క్లబ్బుల పోటీకై మరొక రగ్బీ కప్పును కూడా నెలకొల్పినారు. పిమ్మట ఆ క్లబ్బు గుండ్రని బంతి ఆటలో పేరుపొంది, ఐ.ఎఫ్.ఏ. షీల్డును పలుమార్లు గెలిచినది. 1911 జులై 29న మోహన్ బగాన్ జట్టు ఉత్తిపాదాలతో ఆడి ఈస్ట్ యార్క్‌షైర్ పట్టాళం జట్టును 2–1తో ఓడించి షీల్డు గెలిచినది. పదకొండుమందిలో ఒక్కనికే బూట్లుండినవి. ఆ ఆట జరిగినది కలకత్తా ఫుట్‌బాల్ క్లబ్బు మైదానంలోనే. మన దేశీయుడు లోపల అడుగుపెట్టరాని క్లబ్బుల కాలంలో, వారి మైదానంలోనే, వారి ఆటలోనే, వారిని గెలిచిన ఆ దినం జాతీయోద్యమ చరిత్రలో కూడా లెక్కకు వచ్చినది. స్వాతంత్ర్యానంతరం, 1965లో, కలకత్తా ఫుట్‌బాల్ క్లబ్బు కలకత్తా క్రికెట్ క్లబ్బులో విలీనమై, కలకత్తా క్రికెట్ అండ్ ఫుట్‌బాల్ క్లబ్బుగా పేరు మార్చుకొన్నది.

కప్పుకు మాత్రం వృద్ధాప్యంలో కొన్ని కష్టాలు తప్పలేదు. 1988లో ఎడింబరోలో ఆట ముగిసిన రాత్రి, ఇరుపక్షాలకు చెందిన ఆటగాండ్రు ఇద్దరు సంబరపు మైకంలో దానిని వీధిలోనికి తీసికొనిపోయి, బంతివలె ఆడి సొట్టలు పడగొట్టినారు. దానిని బాగుచేయించినారు, ఆటగాండ్రను శిక్షించినారు. అసలు కప్పు వెండి పలుచబడి ఇక ప్రయాణాలకు ఓర్చుకొనలేని స్థితికి రావడంతో ఇరుదేశాలకూ దాని పోలికనే నకళ్లు చేయించినారు. అసలుది ట్వికెన్‌హాంలోని రగ్బీ ప్రదర్శనశాలకు చేరినది. ఉచిత పానీయాలు లేక మూతపడిన క్లబ్బు జ్ఞాపకచిహ్నానికి పానోన్మత్తుల చేతిలోనే గాయమైనదంటే, విధి పరిహాసమాడినదని అనుకొనవలె.

ఈ చరిత్రలో మనము గ్రహింపదగినది ఏమి? ఆ క్లబ్బువారు మహాత్ములు కారు. తమవారికే తలుపు తెరిచి, ఇతరులకు మూసిన సంఘం వారిది. కాని సంఘం నిలువదని తెలిసినప్పుడు వారు మూడు మంచి పనులు చేసినారు. ముగింపును ఒప్పుకొన్నారు. చిల్లిగవ్వ పోకుండా లెక్క తేల్చినారు. మిగిలిన దానిని ఇంకా బ్రతికి ఉన్నవారి ఉపయోగానికి అప్పగించినారు. నడచినంత కాలం వారు సంపాదించలేని పేరు ముగించిన పద్ధతి వల్ల వచ్చినది. మన పఠన మందిరాలలో, సమాజాలలో దీపం ఆరబోతున్నవి ఉంటే, ఆ అటకమీది లెక్కల పుస్తకాన్ని ఒకసారి క్రిందికి దించి చూడడం మంచిది.

కలకత్తా ఇప్పుడు కోల్‌కతా అయినది. 2004లో అక్కడ జంగిల్ క్రోస్ అనే రగ్బీ క్లబ్బు ఏర్పడి, పేద పేటల పిల్లలను చేరదీసి మైదానంలో ఈ ఆట నేర్పసాగినది. నగేంద్రప్రసాద్ బృందానికి పొరపాటున చేతికి వచ్చిన ఆ కోడిగ్రుడ్డు బంతి, ఈ పిల్లల చేతికి హక్కుగా వచ్చినది.